మంజీర తీరమున మధ్యధరా నాణెము
(గ్రామ గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



పాశ్చాత్య భావములను గూర్చిన ప్రసంగమనగానే, అది పట్టణమున చదువుకొన్న వారికిగాని పల్లెలోనివారి కెందుకని కొందరికి తోచవచ్చును. కాని ఈ విషయము మన వాకిట ముందరనే కలదు. పటాన్‌చెరు, రామచంద్రాపురము, పాశమైలారము ప్రాంతములలో పనిచేయు మన గ్రామ యువకులు గడియారమును చూచి పనికి పోవుదురు, గడియారమును చూచియే ఇల్లు చేరుదురు. దినమును ఇరువదినాలుగు గంటలుగా విభజించినవారు ప్రాచీన ఈజిప్టు దేశీయులు. గంటను అరువదిగా భాగించు లెక్క బాబిలోను నగరపు జ్యోతిష్కులది. కర్మాగారమున కూతవేయు యంత్రమును సైరన్ అందురు గదా. ఆ పేరు గ్రీకు కవి హోమరు కావ్యము లోనిది. మధురముగా పాడి నావికులను దరికి రప్పించి, రాళ్ళపాలు చేయు మాయస్త్రీల పేరది. కర్మాగారపు కూతలో ఆ మాధుర్యము లేదని కార్మికులే చెప్పుదురు.

ఇక ఆదివారపు సెలవు. క్రీ.శ. 321లో రోమను చక్రవర్తి కాన్‌స్టంటైను ఒక శాసనము చేసెను. సూర్యదేవుని వారమున న్యాయస్థానములు, పట్టణ ప్రజలు, వృత్తిపనులవారు విశ్రమింపవలెను. కాని సేద్యము చేయువారు మాత్రము ఆనాడును పొలము పనులు చేసికొనవచ్చును. విత్తనము చల్లుటకును ద్రాక్షతీగె నాటుటకును అదను తప్పిన మరల రాదని ఆ శాసనమే కారణము చెప్పినది. పదునేడు వందల సంవత్సరములు గడచినవి. నేటికిని ఒకే ఇంటిలో కర్మాగారమున పనిచేయు కుమారునకు వారమున కొకనాడు సెలవు కలదు. పొలము దున్ను తండ్రికి లేదు.

ఆ సెలవు మన దేశపు కార్మికునకు దానంతటది రాలేదు. బొంబాయి నూలుమిల్లులలో వారమంతయు పనిచేయుచుండిన కూలీల పక్షమున నారాయణ మేఘాజీ లోఖండే అను నాయకుడు సంవత్సరముల తరబడి పోరాడి 1890లో దానిని సాధించెను. అతడు ఆదివారము కోరుటకు చెప్పిన హేతువులలో నొకటి, అది ఖండోబా దేవుని వారమగుట. ఆ ఖండోబాయే మన మల్లన్న. కొమురవెల్లి జాతర ఆదివారములలోనే జరుగుట అందరెరిగినదే. కాబట్టి రోము చక్రవర్తి సూర్యుడు, క్రైస్తవుల పునరుత్థాన దినము, మల్లన్న వారము, ఈ మూడును ఒకే దినమున వచ్చి కూడినవి.

వారముల పేర్లే ఒక చరిత్ర. పంచాంగము తెరచినవారు హోర అను మాటను చూచియుందురు. అది గ్రీకు శబ్దము. కేంద్రము, జామిత్రము అను జ్యోతిష పదములును గ్రీకునుండి సంస్కృతమునకు వచ్చినవే. ఆకాశమున సంచరించు ఏడు గ్రహములను వాని మందగమనమును బట్టి వరుసగా పేర్కొనినచో శని, గురుడు, కుజుడు, రవి, శుక్రుడు, బుధుడు, చంద్రుడు అని వచ్చును. ఒక్కొక్క హోరకు ఒక్కొక్కరు అధిపతి. ఆదివారపు మొదటి హోర రవిది. ఇరువదినాలుగు హోరలు గడచుసరికి మూడు ఆవృత్తములు పూర్తియై మూడు హోరలు మిగులును. అవి రవి, శుక్ర, బుధులవి. ఆ తరువాతి హోర చంద్రునిది; కావున మరునాడు సోమవారము. ఇట్లే లెక్కించినచో మంగళ, బుధ వారములు తమంతట తామే వచ్చును. ఈ లెక్క గ్రీకులు, ఈజిప్టువారు, బాబిలోనువారు కలిసి మెలగిన కాలమున పుట్టినది. మన దేశమున వారము పేరుతో తేదీ వేసిన అతి ప్రాచీన శాసనము మధ్యప్రదేశములోని ఏరణ్ గ్రామమున కలదు, అది క్రీ.శ. 484 నాటిది. ఆరవ శతాబ్దమునందలి వరాహమిహిరుడు, యవనులు మ్లేచ్ఛులైనను వారియందీ శాస్త్రము చక్కగా నెలకొన్నందున ఋషులవలె పూజ్యులని వ్రాసెను. విద్య ఎవరియొద్దనున్నను గౌరవించు బుద్ధి మన పెద్దల కుండెను.

ఇప్పుడు సంగారెడ్డికి సమీపముననే యున్న కొండాపురము దిబ్బకు పోవుదము. మట్టిదిబ్బగా నుండిన ఆ స్థలమును హైదరాబాదు సంస్థాన పురాతత్త్వశాఖవారు 1940 ప్రాంతమున గులాం యజ్దానీ ఆధ్వర్యవమున త్రవ్వించిరి. శాతవాహనుల కాలమునాటి పట్టణమొకటి బయల్పడినది. వేలకొలది నాణెములు, పూసలు, తెల్లమట్టితో చేసిన సుందరమైన బొమ్మలు లభించినవి. వానితోపాటు రోమను చక్రవర్తి అగస్టసు బంగారు నాణెమొకటియు, రోమను నాణెములను అనుకరించి మట్టితో చేసిన బిళ్ళలును దొరకినవి. ఆ బిళ్ళలలో కొన్నింటికి మెడలో వ్రేలాడదీసికొనుటకు వీలుగా రంధ్రములు కలవు. నల్లగొండ జిల్లా అక్కెనపల్లిలోను, కరీంనగరు జిల్లా నస్తుల్లాపురములోను రోమను వెండి నాణెముల నిధులు లభించినవి. దీనారమను మన మాట ఆ వెండి నాణెము పేరైన దెనారియసు నుండియే వచ్చినది.

ఈ ధనమెట్లు వచ్చినది? ఋతుపవనముల గతిని గ్రహించిన నావికులు ఎఱ్ఱసముద్రమునుండి వేసవిలో బయలుదేరి అరేబియా సముద్రమును దాటి మన పడమటి తీరమును చేరుచుండిరి. మొదటి శతాబ్దమున గ్రీకు నావికుడొకడు వ్రాసిన వర్తక గ్రంథమున పైఠను, తగరము అను దక్కను పట్టణముల నుండి సరకులు బండ్లపై భరుకచ్ఛమునకు పోవుటయు, తూర్పు తీరమున మసాలియా దేశమున సన్నని వస్త్రములు విస్తారముగా నేయబడుటయు చెప్పబడినవి. ఆ మసాలియాయే మచిలీపట్టణ ప్రాంతము. ఏటేట 5 కోట్ల సెస్టర్సుల ధనమును భారతదేశము లాగికొనుచున్నదని రోమునందు ప్లీనీ అను పండితుడు వాపోయెను. దిగుమతులు పెరిగి బంగారము పోవుచున్నదన్న ఏడుపు నేటిది కాదు.

రోమునుండి మన దేశమునకు వచ్చిన వెండి దీనారములలో మిక్కిలి ఎక్కువగా కనబడునవి అగస్టసువి, అతని తరువాత క్రీ.శ. 14 నుండి 37 వరకు పాలించిన తిబెరియసువి. తిబెరియసు దీనారముపై అతని శిరస్సు ముద్రింపబడి, దివ్యుడగు అగస్టసు కుమారుడని చుట్టును వ్రాయబడియుండును. పాలస్తీనాలో ఏసు బోధించుచుండినది ఈ చక్రవర్తి కాలముననే. పన్ను చెల్లించుట ధర్మమా కాదా అని కొందరు అతనిని ఇరుకున పెట్టదలచి యడిగిరి. చెల్లింపుమనిన ప్రజలకు కోపము, వలదనిన రాజద్రోహము. ఏసు ఒక దీనారము తెప్పించి, దీనిపై నున్న ముఖమెవరిదని యడిగెను. కైసరుదనిరి. కైసరుకు చెందవలసినది కైసరుకును, దేవునికి చెందవలసినది దేవునికిని ఇయ్యవలెనని అతని సమాధానము. సువార్తలలో ఆ నాణెపు చక్రవర్తి పేరు లేదు. అది తిబెరియసు దీనారమే యని పండితులు సామాన్యముగా తలంతురు. అట్టి నాణెములే తెలంగాణమున నేలలోను నిద్రించుచుండినవి.

ఆ చిన్న సమాధానమున ఒక పెద్ద ప్రశ్న దాగియున్నది. రాజునకు చెందనిది మానవునియందు ఏదైన కలదా? ప్రాచీన రోమున చక్రవర్తియే దేవుడు. రాజ్యమే ధర్మము. రెండింటికి నడుమ గీత గీయుట అపూర్వము. ఐతే ఆ గీతను గీచినవారిలో ఏసు మొదటివాడు కాడు. క్రీ.పూ. అయిదవ శతాబ్దమున ఏథెన్సులో సొఫొక్లీసు ఆంటిగొనీ అను నాటకమును వ్రాసెను. రాజద్రోహియని శవమును పూడ్చరాదని రాజు నిషేధింపగా, ఆంటిగొనీ అను కన్య తన అన్నకు అంత్యక్రియ జరిపి, రాజాజ్ఞకంటె పైన ఎవరును వ్రాయని శాశ్వత ధర్మములు కలవని చెప్పి మరణమునకు సిద్ధపడును. క్రీ.పూ. 399లో సోక్రటీసును ఆ నగరమే విచారించినది. ప్రశ్నించుట మానినచో విడిచెదమనినను మానక, పారిపోవుటకు మిత్రులు దారి చూపినను పోక, విషము త్రాగెను. నగరపు చట్టమును ఉల్లంఘింపలేదు, అంతరాత్మను అమ్ముకొననులేదు. ఈ రెండింటి నడుమ చిక్కిన మనుష్యుడే పాశ్చాత్య చింతనకు నాయకుడు.

పాశ్చాత్యమను మాటను ఇచ్చట కొంచెము పరీక్షింపవలెను. గ్రీకు తత్త్వచింతనకు మొదటివాడని చెప్పబడు థేలీసు మిలేటసు పట్టణమువాడు. ఆ పట్టణము నేటి టర్కీలోనిది, అనగా ఆసియా నేలపైది. ప్రపంచమునకు మూలద్రవ్యము నీరని అతని మతము. అది తప్పేయైనను, దేవతల కథ చెప్పక కారణమును వెదకుట క్రొత్త. గ్రీకులు తమ లిపిని ఫినీషియా వర్తకులనుండి నేర్చిరి. ఆల్ఫా యనగా ఎద్దు, బీటా యనగా ఇల్లు. రెండును సెమిటిక్ భాషల మాటలే. ఫినీషియా రేవుపట్టణమైన బిబ్లసునుండి కాగితపు గడ్డి చుట్టలు దిగుమతి యగుచుండుటచే పుస్తకమునకు బిబ్లియోను అను పేరు వచ్చినదందురు, అందుండియే బైబిలు. యూదుల దేశమును ఆసియాలోనిదే. పడమటిదని భయపడువారును, పడమటిదని మ్రొక్కువారును ఈ సంగతిని మరతురు.

యూదులిచ్చినది వేరు విధమైన సంపద. వారి ప్రవక్తలు రాజుల ఎదుట నిలిచి తిట్టినవారు. క్రీ.పూ. ఎనిమిదవ శతాబ్దమున ఆమోసు అను గొఱ్ఱెలకాపరి, బీదవానిని ఒక జత చెప్పులకు అమ్ముకొను ధనికుల పండుగలను, పాటలను దేవుడసహ్యించుకొనునని ఘోషించెను. పూజకంటె న్యాయము మిన్నయని చెప్పిన ఆ గొంతుక గ్రీకు తర్కమున లేదు. అరిస్టాటిలు వంటి మహామేధావికి సైతము కొందరు స్వభావము చేతనే బానిసలని తోచినది.

ఈ రెండు ధారలు మొదట కలిసినది అలెగ్జాండ్రియా నగరమున. ప్రాచీన ప్రపంచమున పేరుగాంచిన గ్రంథాలయమచ్చటనే యుండెను. క్రీ.పూ. మూడవ శతాబ్దమున, టోలెమీ రాజుల కాలమున, యూదుల ధర్మశాస్త్రమును గ్రీకులోనికి అనువదించుట ఆరంభమైనది. డెబ్బదిఇద్దరు పండితులు కూర్చుండి చేసిరని ఒక కథ. రెండవ టోలెమీ పేరు మన తెలుగునాట రాతిపై కెక్కినదనిన వింతగా తోచవచ్చును. అశోకుడు తన పదమూడవ శిలాశాసనమున తురమాయుడను పేర ఇతనిని స్మరించెను. ఆ శాసనముల ప్రతి కర్నూలు జిల్లా ఎఱ్ఱగుడి కొండరాళ్ళపై చెక్కబడియున్నది. ధర్మవిజయమును గూర్చి అశోకుడు కబురంపిన రాజును, యూద శాస్త్రమును గ్రీకు చేయించిన రాజనబడువాడును ఒక్కడే.

అనువాదమున మాట మారినప్పుడు భావమును మారును. ఎఫెసు నగరపు హెరాక్లీటసు క్రీ.పూ. 500 ప్రాంతమున విశ్వమును నడపు నియమమునకు లోగోసు అని పేరిడెను. స్తోయిక తత్త్వవేత్తలు దానిని సర్వమానవులయందును వెలుగు వివేకమనిరి. అలెగ్జాండ్రియా యూదుడగు ఫైలో దానిని దేవుని సృష్టిశక్తితో ముడిపెట్టెను. నాలుగవ సువార్త వ్రాసినవాడు తన గ్రంథమును ఆ మాటతోనే ఆరంభించి, ఆ లోగోసు మానవుడై మనమధ్య నివసించెనని చెప్పెను. తెలుగు బైబిలులో దానిని వాక్యమని అనువదించిరి. శబ్దబ్రహ్మమను భావము తెలిసిన తెలుగు పాఠకునకు ఆ మాట కొత్తగా తోపదు. కాని ఒక వడ్రంగి ఇంట పెరిగి, నేరస్థునివలె సిలువపై చనిపోయినవానికి దానిని అన్వయించుట గ్రీకు పండితులకు పిచ్చితనముగా తోచినది. దేవుడు పాలకుని పక్షమున గాక శిక్షింపబడినవాని పక్షమున కనబడుట, ఇదియే క్రొత్త మతము ప్రాచీన ప్రపంచమునకు కలిగించిన గొప్ప అదరుపాటు.

ఆదిక్రైస్తవులెట్టివారో వారి శత్రువుల వ్రాతలవలన బాగుగ తెలియును. క్రీ.శ. 112 ప్రాంతమున చిన్న ప్లీనీ యను అధికారి చక్రవర్తి ట్రాజానునకు జాబు వ్రాసెను. వీరు ఒక నియతదినమున తెల్లవారకమునుపే కూడి క్రీస్తును దేవునివలె స్తుతించెదరనియు, దొంగతనము చేయమని ఒట్టు పెట్టుకొందురనియు తెలిపెను. నిజము రాబట్టుటకై సంఘసేవికలైన ఇద్దరు దాసీలను చిత్రహింస పెట్టించితినని కూడ ఏ సంకోచమును లేక వ్రాసెను. ఆ దాసీల పేరులు జాబులో లేవు. విశ్వసామ్రాజ్యపు అధికారి విచారింపవలసివచ్చిన సంఘమున పెద్దరికము వహించినవారు ఇద్దరు బానిస స్త్రీలు. అంతకంటె ఆనాటి విప్లవమును చెప్పు సాక్ష్యము దుర్లభము.

దాసుడనియు స్వతంత్రుడనియు, యూదుడనియు గ్రీకనియు భేదము లేదని పౌలు బోధించెను. మూడవ శతాబ్దమున మహామారి వ్యాపించినప్పుడు క్రైస్తవులు రోగులకు పరిచర్య చేసిరి. సుమారు 370లో బాసిలు అను మతాచార్యుడు సెసరియాలో బీదలకును, రోగులకును పెద్ద ఆశ్రయమును కట్టించెను. కుష్ఠరోగులకును అందు చోటుండెను. పాత దేవతలను మరల నిలుపబూనిన జూలియను చక్రవర్తి, వీరు తమ బీదలనే గాక మన బీదలను గూడ పోషించుచున్నారే యని తన పూజారులపై కసరుకొనెను.

ఐనను సత్యమును దాచరాదు. దాస్యము పోలేదు. పారిపోయిన ఒనేసిము అను దాసుని అతని యజమాని యొద్దకే పంపుచు, సోదరునివలె చేర్చుకొనుమని పౌలు వ్రాసెను. విడిచిపెట్టుమని స్పష్టముగా వ్రాయలేదు. ఆ చిన్న జాబును దాస్యమును సమర్థించినవారును, ఖండించినవారును వందలాది సంవత్సరములు తమ తమ వైపునకు లాగిరి. నాలుగవ శతాబ్దమున నిస్సా గ్రామాచార్యుడు గ్రెగొరీ మాత్రము, దేవుని రూపమైన మానవునకు వెలకట్టగల వాడెవడని నేరుగా నడిగెను. వినినవారు కొద్ది. బ్రిటిషు సామ్రాజ్యమున దాస్యనిషేధపు చట్టము 1833లోగాని రాలేదు. మన దేశమునను ఆ మతము స్వీకరించిన మాల మాదిగ కుటుంబములకు దేవాలయమున ముందు వరుస దొరకినను, ఊరి బావియొద్ద వెంటనే చోటు దొరకలేదు. కొన్నిచోట్ల సంఘములలోనే పాత కులములు కొత్త బట్టలు కట్టుకొని కూర్చుండినవి.

హింసింపబడినవారికి అధికారము వచ్చినప్పుడే అసలు పరీక్ష. 313లో క్రైస్తవమునకు స్వేచ్ఛ లభించెను. 380లో థియొడోసియసు దానిని రాజమతము చేసెను. ఇంతకుముందు తామనుభవించిన బాధను వారు ఇతరులకు పెట్టిరి. ఆలయములు మూయబడినవి. 415లో అలెగ్జాండ్రియాలో హైపేషియా అను గణిత పండితురాలిని క్రైస్తవ మూక వీధిలోనికి లాగి చంపినది. సోక్రటీసును చంపిన ఏథెన్సువలెనే, సిలువను ధ్యానించు జనమును ప్రశ్నించు గొంతును సహింపలేకపోయెను. కాని ఆ కాలముననే వేరొక దృశ్యమును కలదు. థెస్సలొనికా ప్రజలు ఒక అధికారిని చంపగా, థియొడోసియసు కోపముతో వేలమందిని ఊచకోత కోయించెను. మిలాను మతాచార్యుడు ఆంబ్రోజు, ప్రాయశ్చిత్తము చేసికొననిదే చక్రవర్తికి ప్రసాదమీయనని 390లో పట్టుబట్టెను. చక్రవర్తి తలవంచెను. కైసరు నాణెముపై గీచిన గీత ఆనాడు కైసరు మెడమీదికే వచ్చినది. ఏడు వందల ఏండ్ల పిమ్మట, 1077లో, జర్మను రాజు హెన్రీ కనోస్సా కోట వాకిట మంచులో నిలిచి పోపు క్షమాపణ వేడెను. రాజును మతాధిపతియు ఇట్లు పోరాడుటచేతనే ఏ ఒక్కరి చేతను సర్వాధికారము చిక్కలేదు. ఆ సందులోనే యూరోపున నగరముల హక్కులు, విద్యాపీఠములు, చట్టపు పరిమితులు మొలకెత్తినవి. ఇద్దరిలో ఎవరును స్వేచ్ఛ నీయదలచి పోరాడలేదు.

అగస్టీను కథ చెప్పక ఈ ప్రసంగము ముగియదు. ఉత్తరాఫ్రికాలో నేటి అల్జీరియా ప్రాంతమున 354లో ఒక సామాన్య గృహస్థునకు పుట్టినవాడు. యౌవనమున దారితప్పి తిరుగుచుండగా సిసెరో వ్రాసిన గ్రంథమొకటి చేజిక్కి, అతని మనస్సును మార్చినది. తరువాత ప్లేటో అనుయాయుల గ్రంథములు, చివరకు పౌలు జాబులు. ఒక మనుష్యుని జీవితమును మూడు పుస్తకములు మూడుసార్లు త్రిప్పినవి. గ్రంథాలయ చందా దేనికని యడుగువారికి ఈ వృత్తాంతము వినిపింపవచ్చును. తన తప్పులను, తల్లి కన్నీళ్ళను దాచక వ్రాసిన ఆత్మకథ పాశ్చాత్యులకు అంతరంగమను ఒక క్రొత్త లోకమును చూపినది. 410లో గోతులు రోమును దోచుకొనగా, పాత దేవతలను విడిచినందుననే ఈ కీడు కలిగినదని జనులనిరి. దానికి బదులుగా అగస్టీను పదమూడేండ్లు శ్రమించి 22 భాగముల గ్రంథము వ్రాసెను. ఏ రాజ్యమును శాశ్వతము కాదనియు, చరిత్ర ఒక ఆరంభమునుండి ఒక అంతమునకు నడచుచున్నదనియు అతని మతము. యుగచక్రములను నమ్ము మనకిది వేరు దృష్టి. నేటి పాశ్చాత్యుల పురోగతి వాదము, దేవుని విడిచిన తరువాతను, ఈ సరళరేఖపైననే పరుగెత్తుచున్నది. 430లో వాండలులు పట్టణమును ముట్టడించియుండగా అగస్టీను మరణించెను.

గ్రంథాలయమునకు సంబంధించిన మరియొక ఋణము కలదు. గ్రీకులు, రోమనులు చుట్టలుగా చుట్టిన పత్రములపై చదువుచుండిరి. ఒక వాక్యమును వెదకుటకు మూరల కొలది విప్పవలెను. ఆకులను మడచి కుట్టి, అట్టల నడుమ కట్టు పద్ధతిని రోమనులు లెక్కపలకల నుండి కల్పించిరి. కాని దానిని అందరికంటె ముందు గ్రంథములకై విరివిగ వాడినవారు క్రైస్తవులు. అది ఆనాడు గౌరవముగల పండితుల వాడుక కాదు, చిల్లర లెక్కల పుస్తకపు రూపము. ఈ గది బీరువాలలోని పుస్తకములన్నియు, రామాయణము మొదలు రైతు పంచాంగము వరకు, ఆ రూపముననే నిలిచియున్నవి.

పడమటి రోము 476లో పడిపోయెను. మఠములలో సన్న్యాసులు ప్రార్థనతోపాటు గ్రంథములకు ప్రతులు వ్రాయుచుండిరి. ఐనను అరిస్టాటిలు గ్రంథములలో పెక్కు పడమట మరపున పడినవి. వానిని కాపాడినది బాగ్దాదు. అచ్చట తొమ్మిదవ శతాబ్దమున హునయిన్ ఇబ్న్ ఇసాక్ అను క్రైస్తవుడు, ముస్లిము ఖలీఫాల పోషణమున, అన్యమతస్థులగు గ్రీకుల గ్రంథములను సిరియాకు, అరబ్బీ భాషలలోనికి అనువదించెను. స్పెయినులో ఇబ్న్ రుష్ద్ వానికి వ్యాఖ్యలు వ్రాసెను. పన్నెండవ శతాబ్దమున టొలేడో నగరమున అరబ్బీనుండి లాటినునకు మారినవి. 1202లో ఫిబొనాచ్చీ భారతీయుల అంకెలను ఇటలీ వర్తకులకు నేర్పుటయు ఈ బాటలోనిదే. 1210లో పారిసులో అరిస్టాటిలు ప్రకృతిశాస్త్రములను బోధింపరాదని నిషేధించిరి. ఆ శతాబ్దముననే థామసు అక్వినాసు ఆ అరిస్టాటిలునే మెట్టుగా చేసికొని విశ్వాసమును తర్కమును సమన్వయించెను. హైదరాబాదున 1917లో ఉస్మానియా విశ్వవిద్యాలయమునకై అనువాదశాల నెలకొల్పినప్పుడు, బాగ్దాదు చేసిన పనియే ఉర్దూలో మరల ఆరంభమైనది. తెలుగున అట్టి పూనిక ప్రభుత్వమునుండి రాలేదు. 1906లో స్థాపితమైన విజ్ఞాన చంద్రికా మండలి వంటి సంస్థలు, 1930లో మన జోగిపేటలో తొలిసారి కూడిన ఆంధ్ర మహాసభ వంటి సభలు గ్రామగ్రామమున పఠనాలయముల నెలకొల్పుడని కోరవలసివచ్చెను.

ఈ సుదీర్ఘ యాత్ర చిహ్నము ఒకటి పూర్వపు మన మెదకు జిల్లాలోనే ఆకాశమున నిలిచియున్నది. చార్లెసు వాకరు పాస్నెట్ అను మతాచార్యుడు కరువుకాలమున పనిలేని జనులకు కూలి కల్పించుచు 1914లో మొదలిడి కట్టించిన మెదకు చర్చి 1924 డిసెంబరు 25న ప్రారంభమైనది. గోపురము 175 అడుగులు. కూచిన కమానులు ఫ్రాన్సు మధ్యయుగపు శైలివి. రంగుటద్దముల కిటికీలలో ఏసు జననము, సిలువ, ఆరోహణము చిత్రింపబడినవి. రాళ్ళు మోసినవారు మాత్రము కడుపుకై వచ్చిన మన పల్లెల స్త్రీ పురుషులు. వారిలో పలువురకు ఏథెన్సు పేరు తెలియదు, కనోస్సా పేరు తెలియదు. ఆనాటి కూలి గింజలు ఇంటికి చేరుటయే వారికి సువార్త.

కొండాపురపు ప్రదర్శనశాలకు పోవువారు బంగారు నాణెముల కంటె ఆ మట్టిబిళ్ళలను నిదానించి చూడవలెను. బంగారము కొనలేని ఎవతెయో ఇల్లాలు, రోమను నాణెమును చూచి ముచ్చటపడి, మట్టితో చేయించిన దానిని దారమునకు గ్రుచ్చి మెడలో వేసికొనియుండును. ఆ ముఖమెవరిదని ఆమెను ఎవరును అడిగియుండరు.